మైనస్ 78 అంటే సిగ్నల్ లేనట్టేనా?

పోయిన నెల ఈ పేజీలో ఒక్క వాక్యం రాశాను. కొత్త రౌటర్ కొనే ముందు ఫోన్లో వైఫై అనలైజర్ యాప్ ఒకటి వేసుకుని ఇల్లంతా తిరిగి చూడండి అని. ప్రింటర్ల మీద పేజీ అంతా రాసినప్పుడు కూడా రానన్ని ఉత్తరాలు ఆ ఒక్క వాక్యానికి వచ్చాయి. చాలామంది యాప్ వేసుకున్నారు, తిరిగారు, ఇప్పుడు ఆ అంకెలు చూసి టెన్షన్ పడుతున్నారు. తప్పు నాదే. తిరగమన్నాను గానీ ఏం చూడాలో చెప్పలేదు. అందుకే ఈసారి పేజీ మొత్తం దీనికే.

ప్రశ్న: నేను రిటైర్డ్ తెలుగు టీచర్‌ని. మా మామగారు కట్టించిన పాత ఇల్లు మాది. రౌటర్ ముందు హాల్లో ఉంది. రాత్రి పదింటికి పడకగదిలో కూర్చుని డల్లాస్‌లో ఉన్న అబ్బాయితో వీడియో కాల్ మాట్లాడుతుంటే బొమ్మ ఆగిపోతుంది, మాట ముక్కలు ముక్కలుగా వస్తుంది. మనవరాలు మీరు చెప్పిన యాప్ వేసి ఇచ్చింది. పడకగదిలో మైనస్ 78 అని చూపిస్తోంది. మైనస్ అంటే సున్నా కంటే తక్కువే కదా! అంటే మా గదిలోకి సిగ్నల్ రావడం లేదనా? మరి కాల్ ఎలా కలుస్తోంది?
– ఒక పాఠకురాలు, నల్లకుంట

జవాబు: అమ్మా, ఆ లెక్కన హైదరాబాద్‌లో ఎవరింట్లోనూ సిగ్నల్ లేనట్టే. రౌటర్ పక్కనే ఫోన్ పెట్టి కొలిచినా మైనస్ 30 దగ్గరే వస్తుంది.

ఆ అంకె పక్కన డీబీఎం అని ఉంటుంది చూడండి. ఒక మిల్లీవాట్ శక్తిని సున్నా అనుకున్నారు. అక్కడి నుంచి పది మెట్లు దిగితే శక్తి పదో వంతు అవుతుంది. ఇంకో పది దిగితే దాంట్లో మళ్లీ పదో వంతు. అలా మైనస్ 30 అంటే మిల్లీవాట్‌లో వెయ్యో వంతు, మైనస్ 60 అంటే పది లక్షల్లో ఒక వంతు. మీ మైనస్ 78ని మామూలు అంకెల్లో రాయాలంటే దశాంశ బిందువు తర్వాత ఏడు సున్నాలు పెట్టి, ఆ తర్వాత అంకె మొదలుపెట్టాలి. అన్ని సున్నాలు ఎవరు లెక్కపెడతారని ఈ మెట్ల పద్ధతి పెట్టుకున్నారు. ఫోన్‌కు అందేది ఎప్పుడూ మిల్లీవాట్ కంటే ఎంతో తక్కువే కాబట్టి మైనస్ గుర్తు తప్పదు. గుర్తును మర్చిపోయి అంకె చూడండి. చిన్నదైతే మంచిది.

నా లెక్క ఇది. 50 లోపు ఉంటే దివ్యంగా ఉన్నట్టు. 60 వరకు ఏ పనికీ ఢోకా లేదు. వీడియో కాల్‌కి నేను 67 దగ్గర గీత గీస్తాను. ఆఫీసుల్లో వైఫై మీద ఫోన్ కాల్స్ నడపడానికి డిజైన్ చేసేవాళ్లు కూడా చాలావరకు ఆ అంకెనే పట్టుకుంటారు. 70 దాటితే మెసేజీలు, పేపర్ చదువుకోవడం వరకు పర్లేదు. 80 దాటితే వైఫై పేరు కనిపిస్తుంది, పని జరగదు. 90 దగ్గర ఇక గాలిలో ఉండే గోలకూ సిగ్నల్‌కూ తేడా తెలియదు.

మరి 78లో కాల్ ఎలా కలుస్తోందంటే, సిగ్నల్ తగ్గేకొద్దీ రౌటర్, ఫోన్ వేగం తగ్గించుకుని మాట్లాడుకుంటాయి. చెవి సరిగ్గా వినపడని పెద్దాయనతో ఒక్కో మాటా విడదీసి చెబుతాం చూడండి, అలా. వినపడకపోతే చెప్పిందే మళ్లీ చెబుతాయి. వాట్సాప్ మెసేజ్ అయితే అర సెకను ఆలస్యమైనా మీకు తెలియదు. మీ అబ్బాయి ముఖం మాత్రం అక్కడే ఆగిపోతుంది.

ఇప్పుడు చేయాల్సిన పని. క్యాలెండర్‌లో చిరిగిన పేజీ ఒకటి తీసుకుని వెనకవైపు ఇంటి ప్లాన్ గీయండి. కొలతలు అక్కర్లేదు, గోడలూ గుమ్మాలూ తెలిస్తే చాలు. రౌటర్‌కి మూడడుగుల దూరంలో ఒకసారి, హాలు గుమ్మంలో ఒకసారి, నడవలో, పడకగది గుమ్మంలో, చివరికి మంచం మీద మీరు కూర్చుని మాట్లాడే చోట. ఒక్కో చోట ఇరవై సెకన్లు కదలకుండా నిలబడండి. అంకె 74, 79, 76 అని ఊగుతుంటుంది. మధ్యలోది రాసుకోండి. ఫోన్ జానెడు జరిపితే నాలుగైదు అంకెలు మారడం మామూలే. వైఫై వాడే 2.4 గిగాహెర్ట్జ్ రేడియో అల పొడవు సుమారు 12 సెంటీమీటర్లు. గోడలకు తగిలి వచ్చిన అలలు ఒకచోట కలిసి బలపడతాయి, అక్కడికి నాలుగు వేళ్ల దూరంలో ఒకదాన్నొకటి తినేస్తాయి. ఇంకో సంగతి, మీ ఒళ్లు అడ్డం రానివ్వకండి. మన ఒంట్లో ఎక్కువగా ఉండేది నీళ్లు, ఈ అలల్ని నీళ్లు మింగేస్తాయి. రౌటర్ వైపు తిరిగి ఒకసారి, వీపు పెట్టి ఒకసారి కొలిచి చూడండి, మీకే నవ్వొస్తుంది.

కాగితం నిండాక అంకెలు ఎక్కడ ఒక్కసారిగా పడిపోయాయో చూడండి. నడవలో 60, గదిలోకి రెండడుగులు వేయగానే 75 అంటే ఆ రెండడుగుల మధ్యే దొంగ ఉన్నాడు.

ఇది నాకు పుస్తకాల్లో తెలియలేదు. చిక్కడపల్లిలో మా పిన్ని ఇంట్లో తెలిసింది. నేను 2002లో అమీర్‌పేటలో హార్డ్‌వేర్ కోర్సు చేసి అప్పటి నుంచి కేబుళ్లు లాగుతూనే ఉన్నాను కాబట్టి చుట్టాలందరికీ నేనే పెద్ద ఇంజినీర్‌ని. పిన్ని గదిలో నెట్ రావట్లేదంటే ఏమీ కొలవకుండా, సికింద్రాబాద్‌లోని కంప్యూటర్ల మార్కెట్ సీటీసీకి వెళ్లి నాలుగు యాంటెన్నాల రౌటర్ ఆరు వేలు పెట్టి కొనిపించాను. బిగించాను, టీ తాగాను, వచ్చేశాను. మర్నాడు పొద్దున్నే ఫోన్: "ఒరేయ్, పాతదే నయం రా." వెళ్లి అప్పుడు కొలిచాను. గుమ్మంలో 58, మంచం మీద 75. మధ్యలో ఏముందా అని చూస్తే నిలువెత్తు అద్దం ఉన్న స్టీలు బీరువా. ఇనుము, దాని మీద అద్దం, అద్దం వెనక లోహపు పూత. రౌటర్‌కీ మంచానికీ మధ్య సరిగ్గా గోడలా నిలబడింది. బీరువా జరుపుదామంటే నైరుతి మూల నుంచి కదలడానికి వీల్లేదని బాబాయ్. సరేనని ఆరు మీటర్ల లాన్ కేబుల్ లాగి రౌటర్‌నే ఎదురు గుమ్మం పైన పెట్టాను. మంచం మీద 61 వచ్చింది. పాత రౌటర్ పెట్టినా అదే 61. ఇప్పటికీ సంక్రాంతికి వెళ్తే బూరెలు వడ్డిస్తూ ఆ ఆరు వేలు గుర్తు చేస్తుంది.

మీ ఇల్లు పాతది అన్నారు కాబట్టి గోడలు దళసరిగా ఉండి ఉంటాయి. రాయి, సున్నం కలిపి కట్టిన జానెడున్నర గోడ ఒక్కటి అడ్డం వస్తే చాలు. రౌటర్ ఎక్కడ ఉందో కూడా ఆలోచించండి. చాలా ఇళ్లలో కనెక్షన్ ఇవ్వడానికి వచ్చిన కుర్రాడికి కిటికీలోంచి వైరు ఎక్కడ సులువుగా దూరిందో అక్కడే రౌటర్ ఉంటుంది, మనం ఉండే చోట కాదు. దాన్ని నడవలోకి తెచ్చి, గుమ్మం తలుపు తెరిస్తే నేరుగా కనిపించేలా, తల ఎత్తున పెట్టి మళ్లీ కొలవండి. మంచం దగ్గర 67 లోపు వస్తే ఖర్చు కేబుల్‌ది మాత్రమే. రాకపోతే గదిలోకి లాన్ కేబుల్ లాగి యాక్సెస్ పాయింట్, అంటే కేబుల్‌లో వచ్చిన నెట్‌ని ఆ గదిలో వైఫైగా పంచే డబ్బా, పెట్టించండి. అప్పుడు కొనండి, ముందు కాదు.

ప్రశ్న: మాది నిజాంపేటలో ఐదంతస్తుల అపార్ట్‌మెంట్. యాప్‌లో ఏకంగా 34 నెట్‌వర్కులు కనిపిస్తున్నాయి. గ్రాఫ్‌లో ఛానెల్ 6 మీద కుప్పలుగా ఉన్నాయి. యాప్ ఛానెల్ 13కి ఎక్కువ స్టార్లు ఇచ్చింది. మా తమ్ముడేమో 3 పెట్టు, అక్కడ ఎవరూ లేరు అంటున్నాడు. ఎవరి మాట వినాలి?
– ఒక పాఠకుడు, నిజాంపేట

జవాబు: ఇద్దరి మాటా వద్దు.

ముందు ఆ 34 సంగతి. 34 పేర్లంటే 34 ఇళ్లు కాదు. వైఫై నడిచే బ్యాండులు ముఖ్యంగా రెండు, ఒకే రౌటర్ 2.4 గిగాహెర్ట్జ్‌లో ఒక పేరు, 5 గిగాహెర్ట్జ్‌లో ఒక పేరు, చుట్టాలకు గెస్ట్ అని ఇంకో పేరు చాటుకుంటుంది. పేరు కింద రెండేసి అక్షరాలు, అంకెలు మధ్యలో రెండు చుక్కలతో ఆరు జతలుగా ఉంటాయి, దాన్ని బీఎస్ఎస్ఐడీ అంటారు. రెండు వరుసల్లో ఆ జతలు దాదాపు ఒకేలా ఉండి, ఒకటో రెండో అక్షరాలు మాత్రమే తేడా ఉంటే అవి చాలావరకు ఒకే డబ్బా నుంచి వస్తున్నవే. పేరు ఖాళీగా కనిపించేవి పేరు దాచుకున్న రౌటర్లు. దాచుకున్నా గాలిలో దొరికిపోయారు చూడండి. పేరు దాచడం భద్రత అనుకునేవాళ్లకు ఈ ఒక్క స్క్రీన్ చూపిస్తే చాలు.

2004 ప్రాంతంలో ల్యాప్‌టాప్‌లో నెట్‌స్టంబ్లర్ అనే సాఫ్ట్‌వేర్ వేసుకుని నేను హిమాయత్‌నగర్‌లో నడిచినప్పుడు రోడ్డు మొత్తం మీద మూడు పేర్లు కనిపిస్తే అబ్బో అనుకున్నాను. ఆ మరుసటి ఏడాది, 2005 జనవరిలో, 2.4 గిగాహెర్ట్జ్ బ్యాండుకు లైసెన్సు అక్కర్లేదని కేంద్రం నోటిఫికేషన్ ఇచ్చింది. ఇప్పుడు మీ డ్రాయింగ్ రూములోనే 34.

ఇక ఛానెళ్లు, అంటే ఒక బ్యాండులో రౌటర్లు మాట్లాడుకోవడానికి విడదీసిన దారులు. మన దేశంలో 2.4లో 1 నుంచి 13 వరకు ఉన్నాయి. చూడటానికి పదమూడు, నిజానికి చోటు మూడింటికే. పెళ్లి భోజనాల బంతి అనుకోండి. విస్తళ్లు జానెడు దూరంలో వేసుకుంటూ పోయారు, కానీ కూర్చునే మనిషికి నాలుగు జానల చోటు కావాలి. ఛానెల్‌కీ ఛానెల్‌కీ మధ్య దూరం 5 మెగాహెర్ట్జ్, ఒక్కో వైఫైకి కావాల్సింది 20. 1, 6, 11 విస్తళ్ల ముందు కూర్చున్న ముగ్గురూ హాయిగా తింటారు. మీ తమ్ముడు చెప్పిన 3 దగ్గర కూర్చుంటే 1 వాడికీ, 6 వాడికీ మోచేతులు తగులుతాయి. మీకూ తగులుతాయి.

ఖాళీగా ఉన్న 3 కంటే జనం ఉన్న 6 ఎలా నయం అని అడుగుతారు. ఒకే ఛానెల్‌లో ఉన్న రౌటర్లు ఒకదాని మాట ఒకటి వింటాయి. ఎవరైనా మాట్లాడుతుంటే ఆగి, వాళ్లు ముగించాక మొదలుపెడతాయి. నెమ్మదిస్తుంది గానీ క్రమం ఉంటుంది. 3లో ఉన్నవాడికి పక్కవాళ్ల మాట అర్థం కాదు, గోలగా మాత్రమే వినిపిస్తుంది. ఆ గోలలో మనవాడు చెప్పిందే పదిసార్లు చెప్పాలి.

13 సంగతి వేరు. అది మన దగ్గర నిషిద్ధం కాదు. కానీ అమెరికాలో కొన్న ఫోన్లు, ల్యాప్‌టాప్‌లు కొన్ని 11 దాకే వెతుకుతాయి. రేపు దసరాకు అక్కడి నుంచి దిగిన బావగారు మీ వైఫై పేరే కనిపించట్లేదంటే తలపట్టుకుంటారు. పైగా 13కీ 11కీ మధ్య దూరం పది మెగాహెర్ట్జే, మోచేయి తగలడం అక్కడా తప్పదు. యాప్ ఇచ్చే స్టార్లు అక్కడ ఎన్ని పేర్లు, ఎంత బలంగా ఉన్నాయో లెక్కేసి ఇచ్చేవి. పిల్లాడు రంగులు చూసి మార్కులు వేసినట్టు.

యాప్ చూపించని ముఖ్యమైన సంగతి ఇంకొకటి ఉంది. రౌటర్ పని ఉన్నా లేకపోయినా సెకనుకు సుమారు పదిసార్లు తన పేరు చెప్పుకుంటుంది. యాప్ వినేది ఆ పేరు చెప్పుకోవడాన్నే. అది తలుపు మీద నేమ్ బోర్డు లాంటిది. బోర్డు ఎంత పెద్దగా ఉందో తెలుస్తుంది, లోపల ఎంతమంది ఉన్నారో తెలియదు. మీ ఎదురు ఫ్లాట్ వైఫై మైనస్ 45లో మెరిసిపోతుండొచ్చు, ఇంట్లోవాళ్లు తిరుపతి వెళ్లి ఉండొచ్చు. మైనస్ 70లో కనిపించే పై అంతస్తు కుర్రాడు రాత్రంతా గేములు డౌన్‌లోడ్ చేస్తుండొచ్చు. నష్టం రెండోవాడి వల్లే. కొన్ని రౌటర్లు ఛానెల్ ఎంత శాతం బిజీగా ఉందో కూడా చాటుతాయి, కొన్ని యాప్‌లు దాన్ని చూపిస్తాయి. మీదాంట్లో ఉంటే స్టార్ల కంటే దాన్నే నమ్మండి.

కాబట్టి రాత్రి తొమ్మిదింటికి, అందరూ ఇళ్లకు చేరాక, 1, 6, 11 మూడింటినే చూడండి. మైనస్ 85 కంటే బలహీనమైన పేర్లను వదిలేయండి. మిగిలినవాటిలో బలమైన పొరుగువాళ్లు ఎక్కడ తక్కువుంటే అది పెట్టుకోండి. రౌటర్ సెట్టింగ్స్‌లో ఛానెల్ వెడల్పు 20 మెగాహెర్ట్జ్‌కి తగ్గించండి. 40 పెడితే మూడు చోట్లలో రెండు మీరే ఆక్రమించినట్టు, పొరుగువాళ్ల శాపాలు తగులుతాయి.

ఇంతా చేసి 2.4లో మీకు దక్కేది ఊపిరి పీల్చుకునేంత చోటే. అసలు మందు 5 గిగాహెర్ట్జ్. 2018 అక్టోబర్‌లో ఆ బ్యాండులో మన దగ్గర చాలా చోటు లైసెన్సు లేకుండా వదిలారు. 5కి గోడలు దాటే సత్తువ తక్కువని అందరూ తిడతారు. అపార్ట్‌మెంట్‌లో అదే వరం. మీది పక్క ఫ్లాట్‌కు పోదు, వాళ్లది మీకు రాదు. టీవీ, ల్యాప్‌టాప్, ఫోన్లు అన్నీ 5కి మార్చండి. 2.4ని సీసీ కెమెరాకీ, స్మార్ట్ బల్బులకీ వదిలేయండి. 5లో ఛానెల్ 36 గానీ 149 గానీ పెట్టి చూడండి. 52 నుంచి 144 దాకా ఉన్నవాటిలో రాడార్లకు దారివ్వాలనే నియమం ఉంది. ఆ ఛానెల్‌లో మొదలుపెట్టే ముందు రౌటర్ కనీసం ఒక నిమిషం ఊరికే వింటుంది, మధ్యలో రాడార్ లాంటిది వినిపిస్తే చెప్పాపెట్టకుండా వేరే ఛానెల్‌కి దూకుతుంది. వైఫై ఉన్నట్టుండి మాయమైందని కంగారుపడే కేసుల్లో కొన్ని ఇవే.

ప్రశ్న: నాది ఐఫోన్. ఎంత వెతికినా పక్క నెట్‌వర్కుల గ్రాఫ్ చూపించే యాప్ దొరకట్లేదు. హాస్టల్లో అందరూ ఆండ్రాయిడ్‌లో చూస్తున్నారు.
– ఒక విద్యార్థి, దిల్‌సుఖ్‌నగర్

జవాబు: దొరకదు తమ్ముడూ. చుట్టుపక్కల వైఫైల జాబితాను బయటి యాప్‌లకు ఆపిల్ ఇవ్వదు. ఆపిల్ వాళ్లదే ఎయిర్‌పోర్ట్ యుటిలిటీ అనే యాప్ వేసుకుని, ఫోన్ సెట్టింగ్స్‌లో ఆ యాప్ పేరు కింద వైఫై స్కానర్ ఆన్ చేస్తే అంకెలు కనిపిస్తాయి, గ్రాఫ్ ఉండదు. మ్యాక్ ఉంటే ఆప్షన్ కీ నొక్కి పట్టుకుని పైన వైఫై గుర్తు మీద క్లిక్ చేయండి. సిగ్నల్, నాయిస్, ఛానెల్ అన్నీ వచ్చేస్తాయి.

రూమ్మేట్ దగ్గర విండోస్ ల్యాప్‌టాప్ ఉంటే ఏ సాఫ్ట్‌వేరూ అక్కర్లేదు. కమాండ్ ప్రాంప్ట్ తెరిచి ఇంగ్లిష్‌లో నెట్‌ఎస్‌హెచ్, డబ్ల్యూలాన్, షో, ఇంటర్‌ఫేసెస్ అని నాలుగు మాటలు మధ్యలో ఖాళీ వదులుతూ కొట్టండి. మొదటిది ఎన్-ఇ-టి-ఎస్-హెచ్, రెండోది డబ్ల్యూ-ఎల్-ఎ-ఎన్. అందులో సిగ్నల్ శాతంలో వస్తుంది. దాన్ని సగం చేసి వందలోంచి తీసేయండి. 70 శాతమైతే సగం 35, వందలోంచి తీస్తే 65, అంటే సుమారు మైనస్ 65.

ఆండ్రాయిడ్ మిత్రులకూ ఒక మాట. ఆండ్రాయిడ్ 9 నుంచి ఒక యాప్ రెండు నిమిషాల్లో నాలుగుసార్లే కొత్తగా స్కాన్ చేయగలదు. గదిలోంచి గదిలోకి పరిగెత్తుతూ అంకె మారట్లేదని యాప్‌ని తిట్టకండి, అది పాత అంకెనే చూపిస్తుండొచ్చు. నిదానంగా తిరగండి. ఆండ్రాయిడ్ 10, ఆపైన అయితే డెవలపర్ ఆప్షన్లలో ఈ కట్టడిని తీసేసే మీట ఉంది.

ప్రశ్న: వైఫై చూడటానికి యాప్ నా లొకేషన్ ఎందుకు అడుగుతోంది? మా వారు ఇది దొంగ యాప్, తీసెయ్ అంటున్నారు.
– ఒక గృహిణి, మల్కాజిగిరి

జవాబు: మీవారి అనుమానం మంచిదే, ఈసారికి మాత్రం యాప్ తప్పు లేదు. మీ చుట్టూ ఏ రౌటర్లు ఉన్నాయో తెలిస్తే మీరెక్కడున్నారో తెలిసిపోతుంది. ఇందాక బీఎస్ఎస్ఐడీ అన్నాను కదా, ప్రపంచంలో ఏ రౌటర్ ఎక్కడుందో గూగుల్, ఆపిల్ లాంటి సంస్థల దగ్గర పట్టికలున్నాయి. ఇంట్లో జీపీఎస్ అందకపోయినా మ్యాప్‌లో నీలం చుక్క మీ వీధిలోనే నిలబడేది అందుకే. కాబట్టి వైఫై జాబితా అడగడమంటే లొకేషన్ అడగడమే అని ఆండ్రాయిడ్ వాళ్లు దానికి అదే అనుమతి పెట్టారు. యాప్ వాడేటప్పుడు మాత్రమే అని ఇవ్వండి. పని అయ్యాక తీసేసినా ఎవరూ ఏమీ అనరు.

అదే యాప్ కాంటాక్టులు గానీ, ఎస్ఎంఎస్‌లు గానీ చూస్తానని అనుమతి అడిగితే మాత్రం మీవారి మాట వినండి. గోడల అవతల సిగ్నల్ చూడటానికి మీ అత్తగారి ఫోన్ నంబరుతో పనేముంది? నేను వాడేది వైఫై అనలైజర్ అనే ఓపెన్ సోర్స్ యాప్. ఆ పేరుతో స్టోర్‌లో చాలా ఉన్నాయి, ప్రకటనలు లేనిది చూసి వేసుకోండి.

గూగుల్ లొకేషన్ పట్టికలో మీ రౌటర్ ఉండకూడదనుకుంటే మీ వైఫై పేరు చివర అండర్‌స్కోర్ పెట్టి నోమ్యాప్ అని ఇంగ్లిష్ చిన్న అక్షరాల్లో చేర్చండి.

ప్రశ్న: ఇంటి నుంచి పని చేస్తాను. రోజూ రాత్రి ఎనిమిది దాటితే మీటింగ్‌లో నా గొంతు రోబో గొంతులా వినిపిస్తుందట. యాప్ చూస్తే మైనస్ 45, పచ్చగా ఉంది. కనెక్షన్ వాళ్లను పిలిస్తే వచ్చిన అబ్బాయి రౌటర్ పాతబడింది, మా దగ్గర కొత్తది తీసుకోండి అంటున్నాడు.
– ఒక ఉద్యోగిని, కూకట్‌పల్లి హౌసింగ్ బోర్డు

జవాబు: తీసుకోకండి, ఇప్పుడే కాదు. 45 అంటే మీ బల్ల నుంచి రౌటర్ దాకా ఉన్న నాలుగు గజాల దారి బ్రహ్మాండంగా ఉందని. రౌటర్ నుంచి కరెంటు స్తంభాల మీదుగా వెళ్లే కిలోమీటర్ల దారి గురించి ఆ అంకె ఒక్క మాట కూడా చెప్పదు. వైఫైనీ ఇంటర్నెట్‌నీ ఒకటే అనుకోవడం వల్ల ఈ ఊళ్లో అమ్ముడైన రౌటర్లు ఎన్నో!

లాన్ కేబుల్‌తో ల్యాప్‌టాప్‌ని నేరుగా డబ్బాకి కలపండి. ల్యాప్‌టాప్‌కి ఆ రంధ్రం లేకపోతే యూఎస్‌బీ అడాప్టర్ కోఠి గుజరాతీ గల్లీలో దొరుకుతుంది. ల్యాప్‌టాప్‌లో వైఫై ఆపేసి పొద్దున ఆరింటికి ఒక స్పీడ్ టెస్ట్, రాత్రి తొమ్మిదింటికి ఒకటి, మూడు రోజులు. స్క్రీన్‌షాట్లు ఉంచుకోండి. కేబుల్ మీద కూడా రాత్రి పడిపోతుంటే తప్పు వాళ్ల లైనుది, మీ రౌటర్‌ది కాదు. ఆ స్క్రీన్‌షాట్లు ఆ అబ్బాయికి కాదు, వాళ్ల కస్టమర్ కేర్‌కి రాతపూర్వకంగా పంపి కంప్లయింట్ నంబరు తీసుకోండి. కేబుల్ మీద బాగుండి వైఫై మీద మాత్రమే పాడైతే పైన నిజాంపేట వారికి చెప్పిందంతా మీకూ వర్తిస్తుంది.

ఎనిమిది అన్నారు కాబట్టి ఇంకొకటి అడుగుతాను. ఆ టైములో ఇంట్లో ఎవరైనా మైక్రోవేవ్‌లో అన్నం వేడి చేస్తున్నారా? ఓవెన్ పనిచేసేది కూడా 2.45 గిగాహెర్ట్జ్ దగ్గరే. కాస్త బయటికి కారినా 2.4 వైఫై తడబడుతుంది. తమాషా ఏమిటంటే అనలైజర్ యాప్‌కి ఓవెన్ కనిపించదు. అది తన పేరు చాటుకోదు కదా! గ్లాసు నీళ్లు లోపల పెట్టి ఒక నిమిషం ఆన్ చేయించి, ఆ నిమిషం కాల్‌లో మాట్లాడి చూడండి. తేడా వస్తే 5కి మారండి. ఓవెన్‌ని ఏమీ అనకండి.

ప్రశ్న: యాప్‌లో పక్కింటివాళ్ల వైఫై నా దానికంటే బలంగా కనిపిస్తోంది. పాస్‌వర్డ్ కనుక్కునే సాఫ్ట్‌వేర్ ఏదైనా చెబుతారా? పేరు వేయవద్దు.

జవాబు: పేరు వేయలేదు, సాఫ్ట్‌వేరూ చెప్పను. పేరు చూడటం తప్పు కాదు, అది వీధిలో బోర్డు చదవడమే. అనుమతి లేకుండా లోపలికి వెళ్తే ఐటీ చట్టం 2000లో సెక్షన్ 66 కింద మూడేళ్ల దాకా జైలు, ఐదు లక్షల దాకా జరిమానా, లేదా రెండూ. ఓ గిన్నెడు పులిహోర పట్టుకెళ్లి అడగండి, గెస్ట్ పాస్‌వర్డ్ ఇస్తారు.

ప్రశ్న: మాది సైనిక్‌పురిలో డూప్లెక్స్. పై గదిలో సిగ్నల్ రాదని ఎక్స్‌టెండర్ కొని ఆ గదిలోనే పెట్టాను. ఇప్పుడు ఫోన్లో గీతలన్నీ నిండాయి, యాప్‌లో మైనస్ 38! కానీ నెట్ మాత్రం ముందు ఎలా ఉందో అలాగే ఉంది. మోసపోయానా?
– ఒక పాఠకుడు, సైనిక్‌పురి

జవాబు: మోసం ఎవరూ చేయలేదు, పెట్టిన చోటు తప్పు. ఈ నెల ఇదే ప్రశ్న ఏడుగురు అడిగారు. ఎక్స్‌టెండర్ అంటే రౌటర్ సిగ్నల్‌ని అందుకుని మళ్లీ చాటే డబ్బా. 38 అనేది మీ ఫోన్‌కీ ఎక్స్‌టెండర్‌కీ మధ్య ఉన్న సిగ్నల్. ఎక్స్‌టెండర్‌కి కింద రౌటర్ ఎంత వినిపిస్తోందో అది వేరే లెక్క. ఎక్కడా నీళ్లు లేని గదిలో కుండ పెట్టి, కుండ కొత్తదే, నీళ్లేవి అన్నట్టుంది.

ఎక్స్‌టెండర్ ప్లగ్ తీసేయండి. అది ఉన్న చోటే ఫోన్ పెట్టి, రౌటర్ అసలు పేరు ఎంతలో ఉందో చూడండి. 80 పైన ఉంటుందని నా పందెం. ఇప్పుడు మెట్లు దిగుతూ రండి. 60, 65 మధ్య అంకె వచ్చే చోట ఆగండి. డూప్లెక్స్‌లో అది సాధారణంగా మెట్ల మలుపు. ఎక్స్‌టెండర్ ఉండాల్సింది అక్కడ, గదిలో కాదు. అక్కడ పెట్టాక పై గదిలో గీతలు తగ్గుతాయి, మైనస్ 62 వరకు వస్తుంది. చూసి భయపడకండి, నెట్ మాత్రం వస్తుంది. అయినా చాలా ఎక్స్‌టెండర్లు ఒకే రేడియోతో వినడం, చెప్పడం రెండూ చేస్తాయి కాబట్టి వేగం సగానికి సగం పడుతుంది. కాల్స్‌కి, సినిమాలకి అది చాలు.

మెట్ల మలుపులో ప్లగ్ పాయింట్ ఉండదు, ఏ బిల్డరూ పెట్టడు. ఎలక్ట్రీషియన్‌ని పిలిచేటట్టయితే ప్లగ్ పెట్టించకండి. అదే రోజు అదే మనిషితో కింద నుంచి పై గదికి క్యాట్ 6 అనే రకం లాన్ కేబుల్ ఒకటి లాగించండి. వంద మీటర్ల దాకా పనిచేస్తుంది, మీకు ఇరవై చాలు. పైన ఆ ఎక్స్‌టెండర్‌నే యాక్సెస్ పాయింట్ మోడ్‌లో పెట్టి కేబుల్ గుచ్చండి. దాని వెనక లాన్ రంధ్రం ఉందో లేదో ముందు చూసుకోండి. లేకపోతే ఉన్నదాన్ని మెట్ల మీదకు పంపి, నాకు మళ్లీ ఉత్తరం రాయండి.